రాడార్, లైడార్: ఆకాశాన్ని అవి ఎలా చూస్తాయి, ఆ బొమ్మను మనం ఎలా చదవాలి

ఈ వ్యాసం ఒక పొరపాటు వల్ల రాస్తున్నాం. ఆ పొరపాటు మాదే.

మేము బరంపురం తెలుగువాళ్ళం. గోపాల్‌పూర్ సముద్రం మా ఊరికి సుమారు 15 కిలోమీటర్లు. వానాకాలం వచ్చిందంటే మా సంఘం ఫోన్ గ్రూపులో రాడార్ బొమ్మలు తిరుగుతూనే ఉంటాయి. అలా ఒకరోజు పొద్దున్న ఆరింటికి ఒక బొమ్మ వచ్చింది. మా ప్రాంతం మీద పెద్ద ఎర్ర మచ్చ ఉంది. మేము దాని కింద 'రెడ్ అలర్ట్, ఎవరూ బయటికి రావద్దు' అని రాసి అందరికీ పంపాం. ఆ రోజు పదింటికి డయాలసిస్‌కి వెళ్ళవలసిన ఒక పెద్దావిడ ఆ మాట చూసి ఇల్లు కదల్లేదు. ఆ రోజంతా ఎండ కాసింది. మర్నాడు రాత్రి ఆవిడకి ఆయాసం వచ్చి ఆసుపత్రిలో చేర్చవలసి వచ్చింది. దేవుడి దయవల్ల కోలుకున్నారు.

తరవాత కూర్చుని ఆ బొమ్మను మళ్ళీ చూస్తే మూలన 18:10 యూటీసీ అని ఉంది. మన టైముకి మార్చితే అది ముందురోజు రాత్రి 11 గంటల 40 నిమిషాలు. ఆ మేఘం తెల్లారేలోపే వెళ్ళిపోయింది. పైగా బొమ్మలోని ఎరుపు రంగుకీ వాతావరణ శాఖ రెడ్ అలర్ట్‌కీ సంబంధమే లేదు. ఆ సంగతి మాకు అప్పటిదాకా తెలియదు.

అందుకే తెలిసినవారిని అడిగి, చదివి, ఈ విషయాలు ఒకచోట పెడుతున్నాం. ఒడిశాలోనే కాదు, తమిళనాడు, కర్ణాటక, మహారాష్ట్ర, యానాంలలో ఉన్న మనవాళ్ళందరికీ ఇది పనికొస్తుందని మా ఆశ.

రెండింటికీ మూలం ఒకటే

బావిలోకి తొంగిచూసి కేకవేస్తే కాస్త ఆగి మన గొంతే మనకు తిరిగి వినబడుతుంది. ఎంతసేపటికి వినబడిందో లెక్కవేస్తే నీళ్ళు ఎంత లోతున ఉన్నాయో చెప్పవచ్చు. రాడార్ చేసేదీ, లైడార్ చేసేదీ ఇదే. రాడార్ రేడియో తరంగాన్ని పంపుతుంది. లైడార్ లేజర్ వెలుగును పంపుతుంది. రెండూ సెకనుకు సుమారు 3 లక్షల కిలోమీటర్ల వేగంతో పోతాయి. 150 కిలోమీటర్ల దూరంలో ఉన్న వాన మీద తగిలి వెనక్కి రావడానికి పట్టేది సెకనులో వెయ్యోవంతు.

తిరిగి వచ్చినదాన్నిబట్టి మూడు సంగతులు తెలుస్తాయి. ఎంతసేపటికి వచ్చిందో చూస్తే దూరం తెలుస్తుంది. ఎంత బలంగా వచ్చిందో చూస్తే అక్కడ ఏది ఎంత ఉందో తెలుస్తుంది. తరంగంలో వచ్చిన మార్పును చూస్తే అది మనవైపు వస్తోందా, దూరంగా పోతోందా అన్నది తెలుస్తుంది.

ఒకే పనికి రెండు పరికరాలు ఎందుకంటే, తరంగం పొడవును బట్టి దానికి కనబడే వస్తువు మారుతుంది. వాతావరణ శాఖ తీరంలో వాడే పెద్ద రాడార్ల తరంగం పొడవు సుమారు 10 సెంటీమీటర్లు. దానికి వాన చినుకులు బాగా కనబడతాయి, గాలిలోని దుమ్ము, పొగ కనబడవు. లేజర్ వెలుగు తరంగం పొడవు మిల్లీమీటరులో రెండువేలోవంతు దరిదాపుల్లో ఉంటుంది. దానికి దుమ్ము, పొగ, పలచని మేఘం, చివరికి గాలి అణువులు కూడా ఆనతాయి. కానీ దట్టమైన మేఘం అడ్డుపడితే లేజర్ అక్కడే ఆగిపోతుంది. అందుకే తుపాను నడిమధ్యకి చూడాలంటే రాడార్ కావాలి. నిర్మలమైన ఆకాశంలో ఏముందో చూడాలంటే లైడార్ కావాలి.

వానను చూసే రాడార్

ఆకాశాన్ని చూడటానికని రాడార్ పుట్టలేదు. 1935లో బ్రిటన్‌లో రాబర్ట్ వాట్సన్-వాట్ బృందం రేడియో తరంగాలతో విమానాన్ని పసిగట్టి చూపింది. రెండో ప్రపంచయుద్ధంలో రాడార్ తెర మీద విమానాలతోబాటు వాన కూడా కనిపించి, చూసేవారికి అడ్డంగా ఉండేది. యుద్ధం అయ్యాక ఆ అడ్డమే వాతావరణ శాస్త్రజ్ఞులకు పని అయింది.

చినుకు నుంచి తిరిగివచ్చే తరంగం బలం ఆ చినుకు సైజు మీద విపరీతంగా ఆధారపడుతుంది. చినుకు అడ్డుకొలత రెండింతలు అయితే తిరిగివచ్చే బలం 64 రెట్లు అవుతుంది. అంటే నాలుగు పెద్ద చినుకులు వందలాది సన్న చినుకులకంటే గట్టిగా కనబడగలవు. రాడార్ బొమ్మలో రంగు చెప్పేది ఈ బలాన్నే. దాన్ని డీబీజెడ్ అనే లెక్కలో కొలుస్తారు. ఈ లెక్కలో 10 పెరిగితే బలం పదిరెట్లు అయినట్టు. 20 దగ్గర ఉంటే చిన్న జల్లు, 40 దగ్గర ఉంటే గట్టి వాన. 50 దాటితే కుండపోత గానీ వడగళ్ళు గానీ అయి ఉండవచ్చు.

మన దేశంలో తుపానులను పట్టడానికి మొదటి రాడార్‌ను 1970లో విశాఖపట్నంలో పెట్టారు. ఆ పాత రాడార్లు వాన ఎక్కడుందో చూపేవి గానీ గాలి వేగం చెప్పలేకపోయేవి. గాలి వేగం కూడా చెప్పే డాప్లర్ రాడార్ 2002లో చెన్నైలో పని మొదలుపెట్టింది. తరవాత మచిలీపట్నం, విశాఖపట్నం, శ్రీహరికోట, కారైకాల్, పరదీప్, గోపాల్‌పూర్, ముంబయి, నాగపూర్, హైదరాబాద్ వంటి చోట్లకు వచ్చాయి. మొదట్లో విదేశాల నుంచి తెచ్చుకున్నవే. తరవాత ఇస్రో, బెంగళూరులోని భారత్ ఎలక్ట్రానిక్స్ కలిసి మన దేశంలోనే తయారుచేయడం నేర్చుకున్నాయి.

డాప్లర్ అంటే

మా బరంపురం హౌరా–చెన్నై లైను మీద ఉంది. ఆగని ఎక్స్‌ప్రెస్ కూతవేసుకుంటూ ప్లాట్‌ఫారం దాటుతుంటే, మనవైపు వచ్చేటప్పుడు కూత సన్నగా, దాటిపోయాక బొంగురుగా వినబడుతుంది. దీని వెనక ఉన్న సూత్రాన్ని 1842లో ఆస్ట్రియాకు చెందిన క్రిస్టియన్ డాప్లర్ చెప్పాడు. రేడియో తరంగానికీ అదే సూత్రం. గాలిలో కొట్టుకుపోతున్న చినుకు మనవైపు వస్తుంటే తిరిగివచ్చే తరంగంలో కంపనాలు కాస్త పెరుగుతాయి, దూరంగా పోతుంటే తగ్గుతాయి.

ఆ తేడా ఎంత చిన్నదో చూడండి. తీరంలోని రాడార్ తరంగం సెకనుకు సుమారు 280 కోట్ల సార్లు కంపిస్తుంది. గంటకు 180 కిలోమీటర్ల గాలికి అందులో వచ్చే మార్పు సెకనుకు వెయ్యి కంపనాలకు లోపే. దాన్ని పట్టుకోగలిగితేనే గాలి వేగం తెలుస్తుంది.

ఇందులో ఒక లోటు ఉంది. రాడార్‌కి ఎదురుగా వచ్చే గాలి, రాడార్ నుంచి దూరంగా పోయే గాలి మాత్రమే తెలుస్తాయి. పక్కగా అడ్డంగా వీచే గాలి సున్నాగా కనబడుతుంది. అందుకే పక్కపక్కన ఉన్న రెండు రాడార్లు ఒకే తుపానును చూడటం చాలా అవసరం.

రాడార్‌కి కనబడనివి

మా గ్రూపులో తరచుగా వచ్చే ప్రశ్న ఒకటి ఉంది. 'మా ఇంటి మీద వాన పడుతోంది, బొమ్మలో ఏమీ లేదేం?' అని. భూమి గుండ్రంగా ఉండటమే దీనికి ముఖ్యకారణం. రాడార్ కిరణాన్ని నేలకు ఆనుకుని పంపరు, అర డిగ్రీ పైకి ఎత్తి పంపుతారు. దూరం పోయేకొద్దీ కింద నేల వంగిపోతుంది, కిరణం పైపైకి వెళ్తుంది. 100 కిలోమీటర్ల దగ్గర కిరణం సుమారు ఒకటిన్నర కిలోమీటర్ల ఎత్తున ఉంటుంది. 250 కిలోమీటర్ల దగ్గర దాదాపు 6 కిలోమీటర్ల ఎత్తున ఉంటుంది. దాని కింద జరిగేది దానికి తెలియదు.

యానాం సంగతి తీసుకుందాం. మచిలీపట్నం రాడార్ అక్కడికి ఆకాశమార్గాన సుమారు 130 కిలోమీటర్లు, విశాఖ రాడార్ సుమారు 165 కిలోమీటర్లు. రెండూ యానాంను చూస్తాయి. కానీ ఒకటి సుమారు 2 కిలోమీటర్ల ఎత్తున, ఇంకొకటి సుమారు 3 కిలోమీటర్ల ఎత్తున చూస్తాయి. బెంగళూరు చెన్నై రాడార్‌కి 290 కిలోమీటర్ల దూరం. అక్కడికి చేరేసరికి కిరణం సముద్రమట్టానికి 7 కిలోమీటర్లు దాటిన ఎత్తున ఉంటుంది. పెద్ద ఉరుముల మేఘం తల మాత్రం దొరుకుతుంది, కింద పడే వాన దొరకదు. కాబట్టి చెన్నై బొమ్మ చూసి బెంగళూరులో వాన లేదని అనకూడదు.

రెండో అడ్డు కొండలు. తూర్పు కనుమలు అడ్డం వచ్చినచోట వాటి వెనక ఉన్న లోయల్లో రాడార్‌కి నీడ పడుతుంది. మూడోది, వాన కానివి వానలా కనబడటం. కొండలు, పక్షుల గుంపులు, ఒక్కోసారి సముద్రం అలలు కూడా బొమ్మలో మచ్చలుగా వస్తాయి. నాలుగోది అన్నిటికంటే ముఖ్యం. సముద్రం ఉప్పెనగా పొంగి వస్తే దాన్ని వానను చూసే రాడార్ కొలవదు. ఉప్పెన అంచనా వేరే లెక్కలతో వేస్తారు, బులెటిన్‌లో వేరే వాక్యంగా చెబుతారు. 1977లో దివిసీమలో ఎక్కువమందిని తీసుకుపోయింది గాలి కాదు, ఉప్పెనే.

గాదంకి: తిరుపతి దారిలోని పెద్ద రాడార్

బెంగళూరు నుంచి చిత్తూరు మీదుగా తిరుమల వెళ్ళే మనవాళ్ళు గాదంకి మీదుగానే పోతారు. చాలామందికి ఆ పేరు టోల్‌గేటు వల్ల తెలుసు. అక్కడ జాతీయ వాతావరణ పరిశోధన ప్రయోగశాల ఉంది. అంతరిక్ష విభాగం కింద 1992లో జాతీయ ఎంఎస్‌టీ రాడార్ కేంద్రంగా మొదలై 2005లో ఇప్పటి పేరు పెట్టుకుంది.

అక్కడి ఎంఎస్‌టీ రాడార్‌కి తిరిగే గిన్నె లేదు. 130 మీటర్ల పొడవు, 130 మీటర్ల వెడల్పు ఉన్న స్థలంలో, అంటే నాలుగెకరాలు దాటిన చోటులో, 1024 యాంటెన్నాలు నాటారు. ఒకప్పుడు దూరదర్శన్ కోసం మేడల మీద కట్టుకున్న యాంటెన్నాలు గుర్తున్నాయి కదా, అవి ఆ జాతివే. వీటి తరంగం పొడవు దాదాపు 5.7 మీటర్లు. అన్నీ ఒక క్రమంలో కలిసి పనిచేసి, కదలకుండానే కిరణాన్ని ఒక పక్కకి వంచగలవు.

ఈ రాడార్‌కి వాన అక్కరలేదు. ఉత్త గాలినే చూస్తుంది. గాలిలో ఎప్పుడూ సుడులు ఉంటాయి, వేడిలో, తేమలో చిన్నచిన్న తేడాలు ఉంటాయి. సుమారు 3 మీటర్ల సైజులో ఉన్న అలాంటి తేడాల మీద తగిలి తరంగంలో అతి కొద్ది భాగం వెనక్కి వస్తుంది. ఇలా ఎత్తయిన గాలిపొరలను చూడవచ్చని 1974లో పెరూ దేశంలోని హికమార్కా రాడార్‌తో వుడ్‌మన్, గియెన్ అనే శాస్త్రజ్ఞులు చూపించారు. ఎంఎస్‌టీ అనే మూడక్షరాలు మీసో, స్ట్రాటో, ట్రోపో అనే మూడు ఆవరణాల పేర్ల నుంచి వచ్చాయి. మన వానలు, మబ్బులు అన్నీ ఉండేది అడుగున ఉన్న ట్రోపో ఆవరణంలో.

అయితే ఇంత పెద్ద రాడార్‌కీ ఒక ఖాళీ ఉంది. సుమారు 30 నుంచి 60 కిలోమీటర్ల మధ్య దానికి జవాబు రాదు. అక్కడ తరంగాన్ని తిప్పి పంపేంత తేడాలు ఉండవు. 60 దాటాక మళ్ళీ జవాబు వస్తుంది గానీ, అక్కడి గాలిలో ఎలక్ట్రాన్లను విడగొట్టడానికి ఎండ కావాలి కాబట్టి పగలే వస్తుంది. ఆ ఖాళీని పూరించడానికే అదే ఆవరణలో లైడార్ పెట్టారు.

లైడార్: వెలుగుతో కొలత

లేజర్‌ను మొదటిసారి 1960 మే నెలలో అమెరికాలో థియొడర్ మైమన్ వెలిగించి చూపాడు. 1963లో ఫియోకో, స్మల్లిన్ అనే ఇద్దరు దాన్ని ఆకాశంలోకి పంపి పైపొరల నుంచి తిరిగివచ్చిన వెలుగును పట్టుకున్నారు. మన దేశంలో పుణేలోని ఉష్ణమండల వాతావరణ సంస్థ 1980లలోనే గాలిలోని దుమ్మును లేజర్‌తో చూడటం మొదలుపెట్టింది. గాదంకిలో 1998లో జపాన్ సహకారంతో లైడార్ వచ్చింది. దాని వెలుగు ఆకుపచ్చ. సెకనుకు 20 సార్లు తళుక్కుమని నిట్టనిలువుగా పైకి పోతుంది. తిరిగివచ్చే పిసరంత వెలుగును దూరదర్శినితో పోగుచేస్తారు.

ఎత్తు పెరిగేకొద్దీ గాలి పలచబడుతుంది, తిరిగివచ్చే వెలుగు తగ్గుతుంది. ఏ ఎత్తున ఎంత తగ్గిందో చూసి గాలి సాంద్రతను, దాని నుంచి వేడిమిని లెక్కకడతారు. అలా 30 నుంచి 80 కిలోమీటర్ల ఎత్తు వరకు, అంటే సరిగ్గా రాడార్ మూగబోయిన చోట, లైడార్ మాట్లాడుతుంది. కాకపోతే ఇది రాత్రిపూట, మబ్బు లేని ఆకాశంలోనే. పగటి వెలుగులో ఆ పిసరంత వెలుగు దొరకదు.

లైడార్‌తో ఇంకా కొన్ని పనులు జరుగుతాయి.

మేఘంలో ఉన్నది నీటి బిందువులో మంచు పలుకులో చెప్పవచ్చు. గుండ్రటి బిందువు వెలుగు కంపించే దిశను మార్చదు, పలుకు మారుస్తుంది.

గాలిలో నీటి ఆవిరి ఏ ఎత్తున ఎంత ఉందో కొలవవచ్చు. దీనికి వాడేది 1928లో సి.వి. రామన్ కనిపెట్టిన రామన్ ప్రభావం. చిన్నప్పుడు విశాఖపట్నంలో చదువుకున్న తమిళుడాయన. నీటి ఆవిరి అణువు తన మీద పడిన వెలుగులో కొద్దిభాగాన్ని తనదైన రంగులోకి మార్చి పంపుతుంది. ఆ రంగును వేరుచేసి చూస్తే ఆవిరి లెక్క తెలుస్తుంది.

80 నుంచి 110 కిలోమీటర్ల మధ్య సోడియం పొర ఒకటి ఉంది. ఉల్కలు కాలిపోతూ వదిలిన లోహం అది. దాన్ని పసుపు రంగు లేజర్‌తో చూస్తారు. మన వీధుల్లో పాత సోడియం దీపాల పసుపు రంగూ ఇదీ ఒకటే.

విమానాశ్రయాల్లో మేఘం అడుగు ఎంత ఎత్తున ఉందో చెప్పే సీలోమీటరు కూడా ఒక చిన్న లైడారే. పైలట్‌కి రన్‌వే ఎప్పుడు కనబడుతుందో దాన్నిబట్టే చెబుతారు.

పైనుంచి చూసేవి

సముద్రం మధ్య రాడార్ స్తంభం నాటలేం. అందుకని వీటిని ఉపగ్రహాలకు ఎక్కించారు. 1997లో అమెరికా, జపాన్ కలిసి పంపిన ట్రిమ్ ఉపగ్రహం అంతరిక్షం నుంచి వానను చూసిన మొదటి రాడార్‌ను మోసింది. 2006లో వెళ్ళిన కాలిప్సో 2023 దాకా లైడార్‌తో దుమ్మును, పలచటి మేఘాలను కొలిచింది. 2018లో యూరప్ పంపిన ఏయోలస్ లేజర్‌తో గాలి వేగాన్ని కొలిచి 2023లో పని ముగించింది. 2024 మేలో వెళ్ళిన ఎర్త్‌కేర్‌లో రాడార్, లైడార్ రెండూ ఉన్నాయి.

ఒక తేడా గుర్తుంచుకోవాలి. టీవీలో దేశం మొత్తం మీద తెల్లటి మబ్బులు కప్పినట్టు చూపే బొమ్మ రాడార్‌ది కాదు. అది ఇన్సాట్ ఉపగ్రహం తీసిన ఫొటో, మేఘాల పైభాగాన్ని మాత్రమే చూపుతుంది. తెల్లగా ఉన్నచోటల్లా వాన పడుతుందని కాదు. తుపాను నడిసముద్రంలో ఉండగా ఉపగ్రహమే దిక్కు. తీరానికి 500 కిలోమీటర్ల లోపుకు వస్తే రాడార్ అందుకుంటుంది.

పరికరం ఒక్కటే చాలదు

1977 నవంబరు 19న దివిసీమను తుపాను కొట్టేనాటికి విశాఖలో రాడార్ పెట్టి ఏడేళ్ళయింది. అయినా దాదాపు 10,000 మంది పోయారు. 1996 నవంబరు 6న యానాం, కోనసీమ ప్రాంతాన్ని కొట్టిన తుపానులో వెయ్యిమందికి పైగా చనిపోయారు. 1999 అక్టోబరు 29 నాటి మహాతుపానులో మా ఒడిశాలో దాదాపు 10,000 మంది పోయారు.

2013 అక్టోబరు 12 రాత్రి ఫైలిన్ మా గోపాల్‌పూర్ దగ్గరే తీరం దాటింది. గాలి గంటకు 200 కిలోమీటర్లు దాటింది. అప్పటికి గోపాల్‌పూర్‌లో డాప్లర్ రాడార్ లేదు. సుమారు 235 కిలోమీటర్ల దూరంలో ఉన్న విశాఖ రాడార్ దాన్ని వెంటాడి చూసింది. ఆ కబురు అందుకుని ఒడిశా, ఆంధ్ర తీరాల్లో కలిపి పదిలక్షలకు పైగా జనాన్ని ముందే ఖాళీ చేయించారు. పోయినవారి సంఖ్య పదుల్లో ఆగింది. మరుసటి ఏడు అదే తేదీన హుద్‌హుద్ విశాఖను కొట్టినప్పుడు ఆ రాడారే దెబ్బతింది.

ఈ లెక్కలు పక్కపక్కన పెట్టి చూస్తే మాకు అర్థమైనది ఇది. చూసే పరికరం మెరుగుపడటం సగం. అది చెప్పిన మాట ఇంటింటికీ, ఇంట్లోవారికి అర్థమయ్యే భాషలో, సమయానికి చేరడం మిగతా సగం. మన ఇళ్ళలో చాలామంది పెద్దలు ఒడియా గానీ, తమిళం గానీ మాట్లాడగలరు కానీ చదవలేరు. ఫోన్‌కి వచ్చిన హెచ్చరిక ఆ లిపిలో ఉంటే దాన్ని పక్కన పెట్టేస్తారు, గ్రూపులో వచ్చిన తెలుగు ముక్కను నమ్ముతారు. అందుకే ఆ తెలుగు ముక్క తప్పు కాకూడదు.

బొమ్మ చదివేటప్పుడు

ఒకటి, ముందు తేదీ, టైము చూడండి. యూటీసీ అని ఉంటే అయిదున్నర గంటలు కలపండి. 18:30 దాటిన టైముకి కలిపితే మన తేదీ మారిపోతుందని మరవకండి. రాడార్ సుమారు పదినిమిషాలకొకసారి కొత్త బొమ్మ ఇస్తుంది. గంట దాటిన బొమ్మను పంపకండి.

రెండు, ఏ ఊరి రాడారో చూడండి. మీ ఊరు దానికి ఎంత దూరమో చూడండి. 200 కిలోమీటర్లు దాటితే కింది వాన గురించి ఆ బొమ్మను నమ్ముకోవద్దు.

మూడు, బొమ్మలోని రంగు వేరు, హెచ్చరిక రంగు వేరు. బొమ్మలో ఎరుపు అంటే ఆ క్షణాన అక్కడ తరంగం బలంగా తిరిగివచ్చిందని. హెచ్చరికలో ఆకుపచ్చ అంటే ఏమీ చేయనక్కరలేదు, పసుపు అంటే గమనిస్తూ ఉండండి, నారింజ అంటే సిద్ధంగా ఉండండి, ఎరుపు అంటే జాగ్రత్త చర్యలు వెంటనే తీసుకోండి అని. హెచ్చరిక రంగును వాతావరణ శాఖే ఇస్తుంది, మనం ఇవ్వకూడదు.

నాలుగు, రేవుల్లో ఎగరేసే 1 నుంచి 11 వరకు ప్రమాద సూచికలు ఓడల కోసం. 11 అంటే హెచ్చరిక కేంద్రంతో సంబంధాలు తెగిపోయాయని అర్థం. ఇళ్ళవారు చూడవలసింది జిల్లా బులెటిన్.

అయిదు, మీ ఊరు ఏ విభాగం కింద వస్తుందో తెలుసుకోండి. యానాం పరిపాలన పుదుచ్చేరిదే అయినా, వాతావరణ శాఖ లెక్కలో అది 'కోస్తా ఆంధ్రప్రదేశ్, యానాం' విభాగం. 'తమిళనాడు, పుదుచ్చేరి, కారైకాల్' బులెటిన్ చూసి యానాంవారు నిశ్చింతగా ఉండకూడదు, కంగారూ పడకూడదు.

ఆరు, తుపాను మధ్యలో గాలి హఠాత్తుగా ఆగిపోతే అది అయిపోయినట్టు కాదు. తుపాను కన్ను మీ మీదుగా వెళ్తున్నట్టు. కాసేపటికి ఎదురు దిక్కు నుంచి మళ్ళీ అంత గాలీ వస్తుంది. రాడార్ బొమ్మలో కన్ను చుట్టూ ఉంగరంలా వాన కనబడుతుంది. ఆ ఉంగరం రెండో అంచు మీ ఊరు దాటేదాకా తలుపు తీయవద్దు.

కొన్ని మాటలు

మన పిల్లలు ఒడియా, తమిళ, కన్నడ, మరాఠీ, ఇంగ్లీషు మీడియాల్లో చదువుతున్నారు. తాతగారికో అమ్మమ్మకో చెప్పేటప్పుడు ఈ మాటలు వాడుకోవచ్చు.

రాడార్: రేడియో తరంగం పంపి, తిరిగివచ్చినదాన్ని బట్టి చూసే పరికరం.
లైడార్: అదే పని లేజర్ వెలుగుతో చేసే పరికరం.
తరంగదైర్ఘ్యం: ఒక అల తల నుంచి తరవాతి అల తల దాకా ఉన్న పొడవు.
ఏరోసాల్: గాలిలో తేలే దుమ్ము, పొగ, ఉప్పు వంటి సన్నటి నలుసు.
డీబీజెడ్: తిరిగివచ్చిన తరంగం బలానికి లెక్క.
తీరం దాటడం: తుపాను కేంద్రం సముద్రం నుంచి నేల మీదికి రావడం.
ఉప్పెన: తుపాను గాలికి సముద్రం లేచి ఊళ్ళ మీదికి రావడం.

మా సంఘం ఇప్పుడు మూడు కట్టుబాట్లు పెట్టుకుంది. మన టైము రాయకుండా ఏ బొమ్మా పంపం. బులెటిన్‌లో లేని 'అలర్ట్' అనే మాట మా అంతట మేము రాయం. డయాలసిస్, కాన్పు, మంచంపట్టిన పెద్దలు ఉన్న ఇళ్ళ జాబితా ఒకటి కాగితం మీద రాసిపెట్టుకున్నాం. హెచ్చరిక వచ్చినప్పుడు ఆ ఇళ్ళకు ఫోన్ చేసి, బులెటిన్‌ను తెలుగులో చదివి వినిపిస్తాం. ఆ జాబితాలో మొదటి పేరు ఆ పెద్దావిడదే.

మీరు కూడా ఈ వారంలో ఒక పని చేయండి. మీ ఊరికి దగ్గర రాడార్ ఏది, ఎంత దూరం, మీ ఊరు ఏ వాతావరణ విభాగం, జిల్లా విపత్తుల ఆఫీసు ఫోన్ నంబరు ఎంత, ఈ నాలుగూ పెద్ద అక్షరాలతో తెలుగులో రాసి మీ ఇంటి క్యాలెండర్ పక్కన అంటించండి.